సంజాయిషీ ఇచ్చిన రోజే ఖాళీ చేయమని ఆర్డర్ ఇస్తే?

ప్రశ్న: మేడం గారూ నమస్తే, మాది గుంటూరు జిల్లాలో ఒక పల్లెటూరు. మా తాతగారి కాలం నుంచి ఉంటున్న ఇల్లు పోరంబోకులో ఉందని ఎమ్మార్వో ఆఫీసు నుంచి సెక్షన్ 7 నోటీసు వచ్చింది. గడువులోపే పాత దస్తావేజు, పన్ను రసీదులు పెట్టి సమాధానం ఇచ్చాం. అదే రోజు తేదీతో సెక్షన్ 6 ఆర్డర్ ఇచ్చారు, "సమాధానం సంతృప్తికరంగా లేదు, మూడు రోజుల్లో ఖాళీ చేయండి" అని రెండు లైన్లు. గవర్నమెంట్ స్థలం అంటే ఇక మాట్లాడే హక్కే ఉండదా?

జవాబు: ఉంటుందండి, ఖచ్చితంగా ఉంటుంది. ఇలాంటి రెండు లైన్ల ఆర్డర్లు చేతిలో పట్టుకుని ముసలివాళ్ళు మా ఆఫీసు మెట్లెక్కి వస్తుంటే నాకు చాలా బాధేస్తుంది, ఎందుకంటే చట్టంలో లేని తొందర అది. 1905 నాటి భూ ఆక్రమణల చట్టమే మీకు రెండు మెట్లు ఇచ్చింది. మొదటిది సెక్షన్ 7 సంజాయిషీ నోటీసు, ఏ స్థలం, ఎంత విస్తీర్ణం అని చెప్పి మీ మాట అడగాలి. రెండోది సెక్షన్ 6, అక్కడ కూడా ఖాళీ చేయడానికి సమంజసమైన గడువు ఇవ్వాలి. మరి తరాలుగా కాపురం ఉన్న ఇంటికి మూడు రోజులు సమంజసమా?

సంజాయిషీ అడగడం అంటే కాగితం తీసుకుని ఫైల్లో పెట్టుకోవడం కాదండి, దాన్ని చదవాలి, మీరు పెట్టిన దస్తావేజు ఎందుకు చెల్లదో ఆర్డర్‌లో రాయాలి. పొద్దున సమాధానం ఇస్తే సాయంత్రానికి ఆర్డర్ తయారు అంటే, ముందే టైప్ చేసి పెట్టుకున్నారా అని హైకోర్టులో అడగడానికి మీ దగ్గర మంచి ఆధారం ఉన్నట్టే. కాకపోతే ఒకటి, మీ సమాధానం కాపీ మీద తపాల్ సెక్షన్ (ఆఫీసులో కాగితాలు తీసుకునే విభాగం) వాళ్ళ ముద్ర, తేదీ ఉందా? లేకపోతే ఇవాళే అదే కాగితాన్ని స్పీడ్ పోస్టులో, అందినట్టు రుజువు వచ్చేలా పంపండి. చేతికిచ్చి వచ్చాం మేడం అని చెప్పి నష్టపోయినవాళ్ళని చాలామందిని చూశాను.

ఇంకో పెద్ద పాయింట్. 1982లో తుమ్మల కృష్ణారావు కేసులో, ఉస్మానియా యూనివర్సిటీ కోసం సేకరించామని గవర్నమెంట్ చెప్పిన హబ్సిగూడ స్థలాల గురించి సుప్రీంకోర్టు స్పష్టంగా చెప్పింది, హక్కు ఎవరిది అనే దాని మీద నిజమైన వివాదం ఉంటే గవర్నమెంట్ తనకి తానే తీర్పు చెప్పుకుని సెక్షన్ 6 కింద ఖాళీ చేయించకూడదు, సివిల్ కోర్టుకి వెళ్ళి తేల్చుకోవాలి అని. నిన్నగాక మొన్న రోడ్డు మీద వేసిన పందిరికి ఇది వర్తించదు, కానీ తాతల నాటి దస్తావేజు ఉన్న మీ ఇంటికి గట్టిగా వాదించొచ్చు.

అయితే ఆశ పెట్టి మోసం చేయడం నాకిష్టం లేదు. ఇంటి పన్ను, కరెంటు బిల్లు మీరు అక్కడ ఉంటున్నారని చూపిస్తాయి, స్థలం మీదని కాదు. గవర్నమెంట్ మీద అనుభవ హక్కు, అంటే ఇన్నేళ్ళుగా మా స్వాధీనంలో ఉంది కాబట్టి మాదే అని చెప్పాలంటే 30 ఏళ్ళు చూపించాలి, అదీ అంత తేలిక కాదు. చెరువు పోరంబోకు అయితే మరీ కష్టం, చెరువు స్థలం ఆక్రమణ మీద సుప్రీంకోర్టు 2011లో ఇచ్చిన జగ్‌పాల్ సింగ్ తీర్పు తర్వాత ఎన్నేళ్ళు ఉన్నా కోర్టులు కనికరించడం తక్కువ. అందుకే మీ సర్వే నంబరుకి అడంగల్ (ఊరి భూముల లెక్క), ఆర్‌ఎస్‌ఆర్ (పాత సర్వే నాటి భూమి రిజిస్టర్), ఎఫ్‌ఎంబీ (సర్వే కొలతల పటం) కాపీలు ముందు తీయించండి, అది గ్రామకంఠం, అంటే ఊళ్ళో ఇళ్ళ కోసం ఉన్న స్థలం అని తేలితే కేసే మారిపోతుంది. మా ఎదురుగా సర్వే చేసి హద్దులు చూపించండి అని కూడా రాతపూర్వకంగా అడగండి.

ఇప్పుడు చేయాల్సింది, సెక్షన్ 10 కింద పై అధికారికి అప్పీల్, దాంతోపాటే స్టే పిటిషన్. కానీ మీకున్నది మూడు రోజులే కాబట్టి అప్పీల్ ఉంది కదా అని ఆగిపోవద్దు, వినకుండా ఇచ్చిన ఆర్డర్ మీద అప్పీల్ దారి ఉన్నా హైకోర్టులో నేరుగా రిట్ పిటిషన్ వేయొచ్చు. అమరావతి హైకోర్టులో లాయర్‌తో లంచ్ మోషన్ (అదే రోజు అత్యవసరంగా వినమనడం) అడిగించండి, సెలవు రోజు వస్తే హౌస్ మోషన్ (జడ్జిగారి ఇంటి దగ్గర వినమనడం) ఉంటుంది. కోర్టు చాలాసార్లు ఆర్డర్ కొట్టేసి మళ్ళీ విని నిర్ణయం తీసుకోండి అని వెనక్కి పంపుతుంది, అంటే మీరు పూర్తిగా గెలిచినట్టు కాదు, రెండోసారి కాగితాలన్నీ సరిగ్గా పెట్టుకునే అవకాశం వచ్చినట్టు.

కూల్చివేత సంగతి వేరు. 2024 నవంబర్ 13న సుప్రీంకోర్టు 15 రోజుల నోటీసు, స్వయంగా వినడం, ఆర్డర్ తర్వాత ఇంకో 15 రోజులు, వీడియో తీయడం తప్పనిసరి అంది, రోడ్డు, ఫుట్‌పాత్, రైల్వే లైను పక్కన, నది, చెరువు లాంటి చోట్ల ఉన్న అక్రమ కట్టడాలకి మాత్రం ఈ రక్షణ లేదు. జేసీబీ వస్తే గొడవ పడొద్దు, ఆర్డర్ కాపీ అడగండి, హైకోర్టులో వేసిన పిటిషన్ నంబరు చూపించండి, ఫోన్‌లో వీడియో తీస్తూ ఉండండి. ఇంట్లో ఎవరినీ ఏ కాగితం మీదా సంతకం పెట్టనివ్వకండి, ఇష్టపూర్వకంగా ఖాళీ చేశాం అని రాసి ఉండొచ్చు.