రాతిలో కత్తి దిగేసిందెవరు?

పోయిన నెల ప్రొద్దుటూరు నుంచి ఒక ఉత్తరం వచ్చింది. బ్రిటన్ కథల్లోని ఆర్థర్ రాజు గురించి అడిగారు, వచ్చే సంచికలో చెప్తాం అని రెండు లైన్లు వేశాం. ఆ రెండు లైన్లకే కర్నూలు, అనంతపురం, కడప వైపుల నుంచి ఇంకో నలుగురు రాశారు. కాబట్టి ఈసారి శీర్షికంతా ఆయనకే. పట్టాదారు పాసుపుస్తకాల గురించి అడిగినవాళ్లు ఏమీ అనుకోవద్దు, మీ వంతు వచ్చే నెల.

ప్రశ్న: సార్, మా పాప తొమ్మిదో తరగతి. సెలవుల్లో టీవీలో ఆర్థర్ రాజు కార్టూన్ చూసినప్పటి నుంచి ఒకటే పోరు. రాతిలో దిగిన కత్తిని ఎంతమంది లాగినా రాకపోతే ఓ పిల్లోడు పీకి రాజైపోయాడంట, అది నిజంగా జరిగిందా నాన్నా అంటుంది. నెట్‌లో ఒకాయన ఉన్నాడంటాడు, ఇంకొకాయన లేనేలేడంటాడు. మీరైనా తేల్చి చెప్పండి.
– ఒక పాఠకుడు, ప్రొద్దుటూరు

జవాబు: తేలేది ముందు తేల్చేద్దాం. మీ పాప చూసిన ఆర్థర్, అంటే ఒళ్లంతా ఇనప కవచం, రాతికోట, గుండ్రటి బల్ల, ఆ మనిషి లేడు. కథలో ఆయన కాలానికి అలాంటి కవచాలే లేవు. తేలనిది ఏమిటంటే, ఈ కథలన్నిటి అడుగున ఆ పేరుతో ఎవరైనా ఒక యోధుడు ఉన్నాడా అన్నది.

క్రీ.శ. 43లో రోమన్లు బ్రిటన్ మీద దండెత్తి అక్కడే పాతుకుపోయారు. 410 వచ్చేసరికి రోమ్ నగరాన్నే గోత్‌లు అనే తెగవాళ్లు దోచుకున్నారు, ఇల్లు కాలుతున్నవాడికి పొలం గట్టు గొడవ ఎక్కడ పడుతుంది, బ్రిటన్‌ను దాని ఖర్మానికి వదిలేశారు. సముద్రం దాటి ఆంగ్లులు, సాక్సన్లు అనే తెగలవాళ్లు వచ్చి తూర్పు వైపు నుంచి ఒక్కో ముక్కా ఆక్రమించుకుంటూ పోయారు. అక్కడి పాత జనం బ్రిటన్లు, ఇప్పటి వేల్స్ వాళ్ల పూర్వీకులు, ఎదురుతిరిగారు. 500కు అటూ ఇటూగా బేడన్ కొండ దగ్గర సాక్సన్లను చావగొట్టారు. ఆ కొండ ఏదో ఇప్పటికీ ఒప్పందం కుదరలేదు గానీ యుద్ధం జరిగిందన్నది చరిత్రే.

ఇప్పుడు ఆ యుద్ధం గురించి ఎవరెవరు ఎప్పుడు రాశారో చూడండి, అసలు తమాషా అక్కడుంది. అందరికంటే దగ్గరివాడు గిల్డాస్ అనే సన్యాసి, ఆరో శతాబ్దం మనిషి. ఆ యుద్ధం జరిగిన ఏడాదే తాను పుట్టానని ఆయన చెప్పుకున్నట్టు చాలామంది చదువుతారు. బేడన్ గురించి రాశాడు, అంతకుముందు పోరాటం మొదలుపెట్టిన ఆంబ్రోసియస్ ఆరేలియానస్ పేరూ రాశాడు. ఆర్థర్ పేరు లేదు. అయితే ఈయన చరిత్ర రాయడానికి కూర్చోలేదు, తన కాలపు రాజుల్ని పేరు పేరునా తిట్టడానికి కూర్చున్నాడు, కాబట్టి వదిలేశాడేమో అనుకుందాం. 731లో బీడ్ అనే పండితుడు ఇంగ్లిష్ జాతి చర్చి చరిత్ర రాశాడు. అక్కడా ఆర్థర్ లేడు.

829 ప్రాంతంలో, అంటే యుద్ధం అయిన మూడు వందల ఏళ్లకు, వేల్స్‌లో బ్రిటన్ల చరిత్ర అని లాటిన్‌లో ఒక పుస్తకం వచ్చింది. నెన్నియస్ రాశాడంటారు. అందులో ఉన్నట్టుండి ఆర్థర్ దిగాడు. అప్పుడు కూడా రాజుగా కాదు, రాజులతో కలిసి పోరాడిన సేనానిగా. పన్నెండు యుద్ధాలు గెలిచాడంట, చివరిది బేడన్, అక్కడ ఆర్థర్ ఒక్కడే ఒక్క దెబ్బకు 960 మందిని కూల్చాడంట! తొమ్మిది వందల అరవై. వెయ్యి అని ఉంటే ఎవరో కోశారనుకునేవాళ్లం, ఈ 960 ఉంది చూశారా, దగ్గరుండి లెక్కపెట్టినట్టుంది. పదో శతాబ్దంలో వేల్స్ వాళ్ల సంవత్సరాల పట్టీలో ఇంకో రెండు ముక్కలు చేరాయి: 516లో బేడన్, 537లో కామ్లాన్ యుద్ధంలో ఆర్థర్, మెద్రాట్ ఇద్దరూ చచ్చిపడ్డారని. వాళ్లిద్దరూ ఒకే పక్షమా, శత్రువులా అన్నది కూడా రాయలేదు. ఆ మెద్రాటే తర్వాతి కథల్లో నమ్మకద్రోహం చేసిన మోర్‌డ్రెడ్ అయ్యాడు.

గమనించారా? దగ్గరోడికి పేరు కూడా తెలీదు, మూడు వందల ఏళ్ల తర్వాతోడికి శవాల లెక్క తెలుసు. నా అనుమానమంతా అక్కడే.

మన ఉయ్యాలవాడ నరసింహారెడ్డినే తీసుకోండి. 1847 ఫిబ్రవరి 22న కోయిలకుంట్లలో ఉరితీశారు. ఆయన మీద పాటలున్నాయి, పాటల్లో పెంచి చెప్పిందీ ఉంది, అది పాట ధర్మం. కానీ పక్కనే కుంఫిణీ వాళ్ల ఉత్తరాలు, ఉత్తర్వులు ఉన్నాయి. రెండూ పక్కపక్కన పెట్టి ఎక్కడ పెరిగిందో, కుంఫిణీ వాడు ఎక్కడ దాచాడో చూడొచ్చు. ఆర్థర్‌కు పాట ఉంది, కాగితం లేదు.

నెన్నియస్‌ను మాత్రం నేను తిట్టను. దొరికిందంతా కుప్ప పోశానని ఆ పుస్తకం ముందుమాటలో ఉంది. కుంఫిణీ కొలువులోని మెకంజీ దొర మనుషులు మన ఊళ్లు తిరిగి కరణాలనూ పెద్దలనూ అడిగి రాయించిన కైఫియత్తులు చదివినవాళ్లకు ఈ మాట బాగా తెలుస్తుంది. చెరువు ఎవరు తవ్వించారు, మాన్యం ఎవరిది అన్న పక్కా సంగతి పక్కనే రాక్షసుడు కట్టిన గోడ ఉంటుంది. నెన్నియస్ కుప్పలోనూ అంతే. ఆర్థర్ అడవిపందిని వేటాడేటప్పుడు ఆయన కుక్క కబాల్ అడుగు ఒక రాతి మీద పడిందంట, ఆ రాయిని ఎవరైనా ఎత్తుకుపోతే మర్నాటికల్లా తిరిగొచ్చి రాళ్లగుట్ట మీద కూర్చుంటుందంట. లేపాక్షిలో సీతమ్మ పాదం చూసి తలకు నీళ్లు చల్లుకున్నవాళ్లకు ఇదేమీ వింతగా ఉండదు. రాయి నిజం, గుంత నిజం, అది ఎవరి అడుగు అన్నది మాత్రం ఊరు చెప్పిన మాట.

పాపకు ఇలా చెప్పండి: యుద్ధం జరిగింది, గెలిచినవాళ్లు ఉన్నారు, ముందు నడిపించినవాడూ ఎవరో ఒకడు ఉండే ఉంటాడు, ఆయన పేరు ఆర్థరే అని ఇంతవరకు ఎవరూ రుజువు చేయలేదు. కత్తి సంగతి కింద ఇంకో అమ్మాయికి చెప్తున్నా, అది కూడా చదివించండి.

ప్రశ్న: అన్నా, మరి మెర్లిన్, లాన్సెలాట్, గుండ్రబల్ల, కత్తి ఇవన్నీ ఎక్కడి నుంచి వచ్చాయి? ఒకరే రాశారా?
– డిగ్రీ విద్యార్థిని, ఆదోని

జవాబు: లేదమ్మా, ఒక్కరు కాదు. ఉగ్గానిలో ఒకరు పుట్నాలపొడి, ఒకరు ఉల్లిపాయ, ఒకరు నిమ్మకాయ వేసినట్టు తలా ఒకటి వేశారు. బొరుగులు నానబెట్టింది మాత్రం జెఫ్రీ. మాన్‌మత్ అనే ఊరివాడు, ఆక్స్‌ఫర్డ్‌లో ఉండేవాడు. 1138 ప్రాంతంలో బ్రిటన్ రాజుల చరిత్ర అని లాటిన్‌లో రాశాడు. అందులో ఆర్థర్ రాజయ్యాడు, యూరప్‌లో చాలా దేశాలు గెలిచాడు, రోమ్ మీదికే పోబోయాడు. ఆర్థర్ పుట్టుక కూడా అక్కడిదే. ఊథర్ అనే రాజు కార్న్‌వాల్ అధిపతి భార్య ఇగెర్నా మీద మోజు పడితే, మంత్రగాడు మెర్లిన్ తన విద్యతో అతనికి ఆమె మొగుడి రూపం ఇచ్చి టింటాజెల్ కోటలోకి పంపిస్తాడు. నీకు అహల్య గుర్తొచ్చే ఉంటుంది, నాకూ అదే గుర్తొచ్చింది. ఇదంతా ఎక్కడిదయ్యా అంటే, వాల్టర్ అనే చర్చి అధికారి తనకొక పాత పుస్తకం ఇచ్చాడన్నాడు. ఆ పుస్తకం ఇంతవరకు ఎవరికీ కనబడలేదు. ఆ శతాబ్దంలోనే న్యూబర్గ్ విలియం అనే ఇంకో చరిత్రకారుడు ఇదంతా పచ్చి అబద్ధమని దులిపేశాడు. ఎవరు విన్నారు? జెఫ్రీ పుస్తకానికి చేతిరాత ప్రతులే ఇప్పటికీ రెండు వందలకు పైగా మిగిలున్నాయి.

1155లో వేస్ అనే కవి దాన్ని ఫ్రెంచ్ పద్యాల్లో చెప్తూ గుండ్రబల్ల తెచ్చాడు, నేను ముందు కూర్చోవాలంటే నేను ముందు అని వీరులు కొట్టుకోకుండా. మన పెళ్లిళ్లలో మొదటి పంక్తి గొడవలు చూసినవాడెవడైనా ఆయన బాధ అర్థం చేసుకుంటాడు. ఆ శతాబ్దం చివర్లో క్రేటియన్ ద ట్రువా అనే ఫ్రెంచ్ కవి ఆర్థర్ వీరుడు లాన్సెలాట్‌కూ ఆర్థర్ రాణి గినివీర్‌కూ ప్రేమ కథ అల్లాడు, ఆర్థర్ కొలువుండే కామెలాట్ అన్న ఊరి పేరు కూడా మొదట ఆయన రాతల్లోనే కనిపిస్తుంది, గ్రెయిల్ అనే మహిమగల గిన్నెను కూడా తెచ్చాడు. రాబర్ ద బోరాన్ అనే ఆయన ఆ గ్రెయిల్‌ను ఏసుక్రీస్తు కడపటి విందు పాత్ర చేశాడు, రాతిలో దిగిన కత్తి కూడా ఈయన మెర్లిన్ కథతోనే వచ్చింది. ఈ కుప్పనంతా జైల్లో కూర్చుని 1470కల్లా ఇంగ్లిష్‌లో ఒక్క పెద్ద కథగా కుట్టినవాడు మాలరీ అనే ఇంగ్లిష్ రచయిత. 1485లో కాక్స్‌టన్ అనే ఆయన దాన్ని అచ్చేశాడు.

ఇంకో మాట, చాలామంది తప్పు చెప్తారు. మాలరీ కథలో కత్తులు రెండు. రాతిలోంచి పీకింది ఒకటి, అది ఒక పోట్లాటలో విరిగిపోతుంది. తర్వాత సరస్సులోంచి చెయ్యి పైకి లేచి పట్టుకున్న కత్తి రెండోది, ఎక్స్‌కాలిబర్ అంటే అందరికీ తెలిసింది అదే.

ప్రశ్న: ఇంగ్లిష్ వాళ్లకు ఆర్థర్ అంటే అంత గర్వం ఎందుకు?
– డోన్ నుంచి ఒకరు

జవాబు: నాకూ అర్థం కాదు. ఆయన కొట్టింది సాక్సన్లను, అంటే ఇంగ్లిష్ వాళ్ల తాతల్నే.

ప్రశ్న: అయ్యా, గ్లాస్టన్‌బరీలో ఆర్థర్ సమాధి, ఎముకలు దొరికాయని ఎప్పుడో చదివాను. అంతకన్నా రుజువేం కావాలి?
– రిటైర్డ్ ఉపాధ్యాయుడు, అనంతపురం

జవాబు: మాస్టారూ, తారీఖులు చూడండి. 1184లో ఇంగ్లండ్‌లోని గ్లాస్టన్‌బరీ మఠం కాలిపోయింది. తిరిగి కట్టడానికి రాజు రెండో హెన్రీ డబ్బిచ్చేవాడు, 1189లో ఆయన పోయాడు, డబ్బాగింది. 1191లో సన్యాసులు తవ్వితే దుంగను తొలిచి చేసిన పెట్టె, ఒక పెద్దమనిషి ఎముకలు, ఆడమనిషి ఎముకలు, పైన సీసపు శిలువ బయటపడ్డాయంట. శిలువ మీద, ప్రసిద్ధుడైన ఆర్థర్ రాజు ఇక్కడ ఉన్నాడు, ఇది అవలాన్ ద్వీపం అని చెక్కి ఉందంట. కథల్లో గాయపడ్డ ఆర్థర్‌ను మోసుకుపోయింది ఆ అవలాన్‌కే. గుడికి పైకం కటకటగా ఉన్నప్పుడు సరిగ్గా ఆవరణలోనే స్వామి వెలిశాడంటే మన రచ్చబండ మీద పెద్దోళ్లు ఏమంటారో మీకు నేను చెప్పాలా? ఆ శిలువ కూడా తర్వాత కనబడకుండా పోయింది.

రాజులకూ ఆ శవం కావలసి వచ్చింది. వేల్స్ వాళ్లు ఆర్థర్ చావలేదు, తిరిగొచ్చి మనల్ని విడిపిస్తాడని నమ్మేవాళ్లు. ఎముకలు చూపిస్తే ఆశ తెగుతుంది. 1278లో ఇంగ్లండ్ రాజు మొదటి ఎడ్వర్డ్ స్వయంగా వచ్చి వాటిని తీయించి ఘనంగా మళ్లీ పెట్టించాడు. అంతకుముందు ఏడాదే ఆయన వేల్స్ మీద యుద్ధం చేసి వచ్చాడు.

ప్రశ్న: సామీ, బ్రహ్మంగారు వీరభోగ వసంతరాయలుగా వస్తారని మా జేజి చెప్పేది. ఆర్థర్ కూడా అట్లే వస్తాడా?
– మైదుకూరు నుంచి

జవాబు: మీ జేజి చెప్పింది మా ఇంట్లోనూ చెప్పేవాళ్లు. కందిమల్లాయపల్లెలో సజీవ సమాధి అయిన బ్రహ్మంగారు తానే చెప్పిన మాట ఇది అని నమ్మకం. ఆర్థర్ తాను వస్తానని చెప్పలేదు, జనమే అనుకున్నారు. కామ్లాన్‌లో గాయపడ్డవాణ్ని అవలాన్ ద్వీపానికి మోసుకుపోయారని జెఫ్రీ రాశాడు. కానీ జెఫ్రీ పుస్తకం రాకముందే ఆ నమ్మకం ఉంది. 1113లో ఫ్రాన్సులోని లాన్ నుంచి కొందరు చర్చివాళ్లు చందాల కోసం కార్న్‌వాల్‌లోని బోడ్మిన్‌కు పోయారు. చెయ్యి ఎండిపోయిన ఒకాయన నయం చేయించుకుందామని వచ్చి, మాటల్లో ఆర్థర్ ఇంకా బతికే ఉన్నాడన్నాడు. చర్చివాళ్ల పనివాడొకడు నవ్వాడు. అంతే, ఊరు ఊరంతా కట్టెలు పట్టుకుని దిగి, కొంచెంలో రక్తం కళ్లజూసేవాళ్లు. అట్లాంటి నమ్మకం.

ఆ నమ్మకాన్ని వాడుకోవడం రాజులకు బాగా తెలుసు. ఏడో హెన్రీది వేల్స్ వంశం, 1485లో ఇంగ్లండ్ సింహాసనం గుంజుకున్నాడు. మరుసటి ఏడాది భార్యను కాన్పుకు, కామెలాట్ ఇదేనని మాలరీ రాసిన వించెస్టర్‌కు తీసుకుపోయి, పుట్టిన కొడుక్కు ఆర్థర్ అని పేరు పెట్టాడు. వచ్చేశాడు చూడండి అన్నట్టు! పాపం ఆ పిల్లోడు 1502లో పదిహేనేళ్లకే చనిపోయాడు. రాజ్యం తమ్ముడికి పోయింది, ఆయనే ఎనిమిదో హెన్రీ. వించెస్టర్ హాలు గోడకు ఇప్పటికీ ఒక గుండ్రబల్ల వేలాడుతోంది, అయిదున్నర మీటర్ల అడ్డం, బరువు పన్నెండు వందల కిలోలు. చెక్కను పరీక్షిస్తే అది పదమూడో శతాబ్దం పని అని తేలింది, ఆర్థర్‌కు ఏడెనిమిది వందల ఏళ్ల తర్వాతిది. దానికి రంగులేయించింది ఎనిమిదో హెన్రీ. మధ్యలో గడ్డంతో కూర్చున్న ఆర్థర్ మొహం అచ్చం హెన్రీలాగే ఉంటుందంటారు. 1539లో గ్లాస్టన్‌బరీ మఠాన్ని మూయించింది కూడా ఆయనే. ఎడ్వర్డ్ కట్టించిన ఆర్థర్ సమాధి, మఠం మూతపడడంతోనే పోయింది.