మామగారి ప్రశ్నకు పత్తికాయలో జవాబు

ప్రశ్న: టీచర్ గారికి నమస్కారం. మా బాబు సీబీఎస్‌ఈలో పదో తరగతి. మా అక్క కూతురి పాత సైన్స్ పుస్తకంలో ‘హెరెడిటీ అండ్ ఎవల్యూషన్’ అని ఉన్న పాఠం, వీడి పుస్తకంలో ఉత్త ‘హెరెడిటీ’ అయింది. మిగతా సగం ఏమైందని అడిగాడు. నేను నోరు తెరిచేలోగా మా మామగారు అందుకుని, "తీసేసి మంచి పనే చేశారు. కోతి నుంచి మనిషి పుడితే ఇంకా కోతులెందుకున్నాయి? మారడం ఎవరన్నా చూశారా?" అన్నారు. బాబు నా వైపు చూశాడు. నేను చదివింది బీకాం. ఊరుకున్నాను. మామగారు ముప్పై ఏళ్లుగా పత్తి వేస్తున్నారు. పెద్దాయన్ని నొప్పించడం నాకిష్టం లేదు. బాబుకి ఏం చెప్పాలి?
– ఒక తల్లి, ఉమ్మడి వరంగల్ జిల్లా

జవాబు: అమ్మా, ముందు ఆ సగం పాఠం సంగతి. కోవిడ్ తర్వాత పిల్లల మీద భారం తగ్గించాలని 2022లో సీబీఎస్‌ఈ పిల్లల పుస్తకాలు తయారుచేసే ఎన్‌సీఈఆర్‌టీ సిలబస్ కుదించింది. ఆ కోతలో పదో తరగతి నుంచి ఎవల్యూషన్, అంటే జీవ పరిణామం, పోయింది. దాన్ని మళ్లీ పెట్టమని 2023 ఏప్రిల్‌లో 1800 మందికి పైగా శాస్త్రవేత్తలు, టీచర్లు బహిరంగ లేఖ రాశారు. పన్నెండో తరగతి బయాలజీలో ఆ పాఠం ఉందన్న మాట నిజమే. కానీ పది కాగానే మన పిల్లల్లో ఎంతమంది ఎంపీసీలో చేరతారో మీకు తెలుసు. వాళ్లకి డార్విన్ పేరు మళ్లీ క్లాసులో వినపడదు.

పుస్తకాన్ని అనేముందు నా తప్పు కూడా చెప్పుకోవాలి. ఉద్యోగంలో చేరిన కొత్తలో, పుస్తకంలో పాఠం ఉన్నా నేను చెప్పలేదు. "మెండెల్ బఠానీలు చెప్పి ముందుకెళ్లమ్మా, పరిణామం నుంచి మార్కులేం రావు" అన్నారు మా హెడ్మాస్టర్ గారు. సరేనన్నాను. పైగా, పిల్లలు అడిగితే నాకే తెలియదన్న భయం కూడా లోపల ఉండేది. ఆ తర్వాత కొన్నేళ్లకి పిల్లల్ని హైదరాబాద్ బిర్లా సైన్స్ సెంటర్‌కి తీసుకెళ్లాను. అక్కడ కోటాసారస్ అనే డైనోసార్ అస్థిపంజరం ఉంది. మన గోదావరి, ప్రాణహిత లోయలో యామన్‌పల్లి దగ్గర దొరికిన జురాసిక్ కాలపు ఎముకలవి. అందరూ దాని కాళ్ల కింద నిలబడి ఎత్తు చూస్తుంటే ఒకడు మాత్రం, "టీచర్, తల కూడా దొరికిందా?" అన్నాడు. "దొరికే ఉంటుందిలే" అనేశాను. తర్వాత చదివితే తెలిసింది, పుర్రె దొరకలేదు, రెండు పళ్లు మాత్రమే దొరికాయని. సోమవారం క్లాసులో వాడితో ఆ మాట చెప్పి, అప్పటిదాకా వదిలేసిన పాఠం ఆ రోజే మొదలుపెట్టాను.

ఇక మీ మామగారు. "ఎవరన్నా చూశారా?" అన్నది ఆయన ఒక్కరి మాట కాదు. 2018లో అప్పటి కేంద్ర సహాయ మంత్రి ఒకరు అచ్చం ఇదే అన్నారు. దేశంలోని మూడు సైన్స్ అకాడమీలు కలిసి అది సరికాదని ప్రకటన ఇచ్చాయి. కానీ అకాడమీల ప్రకటన మీ ఇంట్లో పనికిరాదు. మీ ఇంట్లో పత్తి చేను ఉంది, అది పనికొస్తుంది.

ఆయన భోజనం చేసి తీరిగ్గా ఉన్నప్పుడు, బాబు పక్కనుండగా, "మామయ్యా, బీటీ విత్తనం వచ్చిన కొత్తలో గులాబీ పురుగు ఉండేదా?" అని అడగండి. ఆయనే చెప్తారు. బీటీ పత్తి అంటే, ఒక బాక్టీరియా జన్యువు పెట్టి, పురుగుని చంపే విషం మొక్కలోనే తయారయ్యేలా చేసిన పత్తి. దానికి మన దేశంలో అనుమతి వచ్చింది 2002లో. మొదట్లో ఆ ఆకు, ఆ కాయ తిన్న పురుగు చచ్చేది. 2010కల్లా గుజరాత్‌లో గులాబీ రంగు పురుగు చావడం లేదని బయటపడింది. రెండు జన్యువులు పెట్టిన బోల్‌గార్డ్-2 కూడా ఆ తర్వాత కొన్నేళ్లకే దాని ముందు ఓడిపోయింది. ఇప్పుడు చేలో గుడ్డిపూలు, అంటే పురుగు పట్టి విచ్చుకోని పూలు, కనపడితే రైతుకి గుండె జారిపోతుంది. పైకి కాయ నిగనిగలాడుతుంటుంది. చీల్చి చూస్తే దూది మరకలు పట్టి, గింజ డొల్లయి, లోపల పురుగు.

పురుగు విషానికి అలవాటు పడిందని అంటుంటారు. బాబుని ఇక్కడ ఒక నిమిషం ఆపండి. ఏ పురుగూ అలవాటు పడలేదు. లక్షల పురుగుల్లో ఏ కొన్నో పుట్టుకతోనే ఆ విషాన్ని తట్టుకునేవి. మిగతావన్నీ చచ్చాక మిగిలినవి అవే. వాటికవే జతకట్టాయి, వాటి పిల్లలే చేను నిండాయి. ఒక్క పంటకాలంలోనే ఎన్నో తరాలు గడుస్తాయి కాబట్టి ఈ మార్పు మనిషి జీవితకాలంలో కనపడింది. 1859లో డార్విన్ పుస్తకం వేసి చెప్పింది ఈ లెక్కే.

బీటీ ప్యాకెట్‌తో పాటు 120 గ్రాముల చిన్న నాన్-బీటీ ప్యాకెట్ ఇచ్చేవాళ్లు, గుర్తుందేమో అడగండి. చేను చుట్టూ వేయమనేవాళ్లు. చాలామంది పారేశారు, దిగుబడి రాని మొక్కకి చోటెందుకని. విషం లేని ఆ మొక్కల మీద మామూలు పురుగులు బతికితే, తట్టుకునేవి వాటితో జతకట్టి ఆ గుణం పలచబడుతుందని ఆ ఏర్పాటు. పరిణామం తెలిసినవాళ్లే ఆ ప్యాకెట్ పెట్టారు. అదెందుకో రైతుకి విడమరిచి చెప్పినవాళ్లే తక్కువ. మీ మామగారు దాన్ని పారేసి ఉంటే తప్పు ఆయనది కాదు, మా టీచర్లది.

కోతుల ప్రశ్నకి మన భాషే చాలు. మన ‘చెరువు’ కన్నడంలో ‘కెరె’, మన ‘చెవి’ వాళ్ల ‘కివి’, మన ‘పాలు’ వాళ్ల ‘హాలు’. అయితే తెలుగు కన్నడం నుంచి పుట్టలేదు, కన్నడం తెలుగు నుంచీ పుట్టలేదు. రెండింటికీ పాత తల్లి వేరే ఉంది, ఆ తల్లిని ఇప్పుడెవరూ మాట్లాడరు. తెలుగు ఉండగా ఇంకా కన్నడం ఎందుకుందని ఎవరూ అడగరు కదా! ఇప్పటి కోతి మనకి తాత కాదు, దాయాది. ఎప్పుడో ఒక పూర్వీకుడి దగ్గర ఆ కొమ్మా మన కొమ్మా చీలాయి, అంతే.

ఇవన్నీ ఒకే పూట చెప్పకండమ్మా. పత్తి దగ్గర ఆగిపోయినా ఫర్వాలేదు. ఆయన ఒప్పుకున్నారా లేదా అని కూడా చూడకండి.

ప్రశ్న: దశావతారాలే పరిణామ సిద్ధాంతం అంటారు, నిజమేనా?
– డిగ్రీ విద్యార్థి, తెనాలి

జవాబు: చేప, తాబేలు, వరాహం, ఆ తర్వాత మనిషి అన్న వరసలో పోలిక ఉందని జె.బి.ఎస్. హాల్డేన్ లాంటి పెద్ద శాస్త్రవేత్తే అన్నారు. ఆయన 1957లో మన దేశానికి వచ్చేసి, ఇక్కడి పౌరసత్వం తీసుకుని, 1964లో భువనేశ్వర్‌లో కన్నుమూశారు. గుర్తు పెట్టుకోవడానికి ఆ పోలిక బాగుంటుంది. పరీక్షలో మాత్రం రాయకండి. అవతారాలది ఒకదాని తర్వాత ఒకటి వచ్చే వరస, పైగా ప్రతి అవతారానికీ ఒక పని ఉంది. పరిణామానికి ముందే అనుకున్న పనేదీ లేదు, అది వరస కాదు, చెట్టు. బొమ్మ గీస్తే మత్స్యం దగ్గరే గీత రెండుగా చీలాలి. ఒక కొమ్మ చివర ఇవాళ మీ చెరువులో ఉన్న కొర్రమీను, ఇంకో కొమ్మ చివర మీరు.