ఎట్టీ డైరీ మొదలుపెట్టిన అమ్మలుకి

అమ్మలూ,

పుస్తకం చేరిందని మెసేజ్ పెట్టావు, ఎలా చదవమంటావు పెద్దమ్మా అని కూడా అడిగావు. ఫోన్లో చెబితే సగం మర్చిపోతాను, అందుకే రాస్తున్నా. ముందు పేరు సంగతి. ఈ డైరీ, ఉత్తరాలు రాసిన డచ్ యూదు అమ్మాయి పేరు ఎట్టీ హిల్లెసుమ్. ఆ పేరు విన్నప్పుడల్లా నాకు ‘ఎట్టి పరిస్థితుల్లోనూ’ అన్న మాట గుర్తొస్తుంది. ఆ పిల్లకి భలే సరిపోయిందని నా పిచ్చి ముచ్చట.

నేను చేసిన తప్పు నువ్వు చేయకు. మొదటిసారి నేరుగా చివరికి వెళ్ళిపోయాను. ఆమె రైల్లోంచి విసిరిన పోస్టుకార్డు చదివి, ఏడ్చి, పుస్తకం బీరువాలో పెట్టేశాను. మహాతల్లి అనుకున్నానే గానీ మనిషెవరో తెలుసుకోలేదు. మీ పెదనాన్న పోయిన ఏడాది, నిద్ర పట్టని రాత్రుల్లో, మళ్ళీ తీసి మొదటి పేజీ నుంచి చదివాను.

మొదట్లో నీకు చిరాకేస్తుంది, ముందే చెబుతున్నా. 1941 మార్చి, ఆమ్‌స్టర్‌డామ్. హాలెండ్ నాజీ జర్మన్ల చేతికి చిక్కి పది నెలలైంది. ఎట్టీకి 27 ఏళ్ళు, లా చదివింది, రష్యన్ పాఠాలు చెబుతోంది. డైరీ నిండా తలనొప్పి, కడుపునొప్పి, అమ్మ మీద విసుగు, తన మీద తనకే కోపం. ఉంటున్న ఇంటి యజమాని అరవై దాటిన విధురుడు, అతనితో సంబంధం. మరోపక్క యూలియుస్ ష్పీర్. అరచేతులు చూసి మనసు చదివే వైద్యుడు, ఈమెకి రెట్టింపు వయసు, లండన్‌లో పెళ్ళి నిశ్చయమైన అమ్మాయి ఉంది. వైద్యంలో భాగమని రోగులతో కుస్తీ పట్టేవాడు! ఇవాళైతే అతని మీద కంప్లయింట్ ఇవ్వమంటాం. చిరాకు పడు, కానీ ఆ పేజీలు దాటెయ్యకు. డైరీ రాయమని చెప్పింది కూడా అతనే. ఈ గందరగోళంలోంచే ఆమె పొద్దున్నే అరగంట కూర్చుని తన లోపలికి చెవి పెట్టడం నేర్చుకుంది. నువ్వూ అలాగే పొద్దున్నే, ఫోన్ పక్క గదిలో పెట్టి, రోజుకి నాలుగు పేజీలు చాలు.

దేవుడి దగ్గరికి వచ్చేసరికి ఇంకా నెమ్మదించు. మొదట్లో ఆ మాట రాయడానికే ఆమెకి బిడియం. తర్వాత తన లోపల లోతైన బావి ఒకటుందని, అందులో దేవుడున్నాడని, రాళ్ళూ మట్టీ పడి పూడుకుపోయినప్పుడు మళ్ళీ తవ్వుకోవాలని రాస్తుంది. ఇది చదవగానే మన ఉపనిషత్తులు గుర్తొస్తాయి, గీతలో స్థితప్రజ్ఞుడు గుర్తొస్తాడు. కాస్త ఆగు. బైబిలు చదివింది కాబట్టి క్రైస్తవురాలే అనేవాళ్ళూ ఉన్నారు. అందరం తలా ఒకవైపు లాగితే ఆమెకంటూ ఏం మిగులుతుంది?

మోకరిల్లడం సంగతి చూడు. మనం బుడిబుడి అడుగుల వయసులోనే ‘జేజకి దణ్ణం పెట్టు’ అంటే సాగిలపడిపోయినవాళ్ళం, అందులో సిగ్గేముందో మనకి అర్థం కాదు. యూదుల్లో ఇది తరతరాలుగా వచ్చిన అలవాటు కాదని, తను కష్టపడి నేర్చుకోవాల్సి వచ్చిందని ఆమే రాసుకుంది. ఎక్కడ నేర్చుకుంది? సర్దని బాత్రూంలో, గరుకు కొబ్బరిపీచు చాప మీద. ప్రేమ వ్యవహారాలన్నీ దాచకుండా రాసిన మనిషి, ఇది రాయడానికి మాత్రం తటపటాయించింది. నాకు ఆ చాప కళ్ళముందు కనబడుతూనే ఉంటుంది.

పెన్సిలు దగ్గర పెట్టుకో, తేదీల కోసం. 1942 మేలో యూదులు బట్టల మీద పసుపు నక్షత్రం కుట్టుకోవాలన్న ఆజ్ఞ. తర్వాత సైకిళ్ళు పోయాయి, ట్రాములు ఎక్కకూడదు. నడిచి నడిచి కాలికి బొబ్బలు. ఇప్పుడు జులై 12 నాటి ప్రార్థన చదువు. నువ్వు మాకు సాయం చేయలేవు, మేమే నీకు చేయాలి, మాలో నీకున్న చోటు కాపాడుకోవాలి అని దేవుడితో అంటుంది. ఇంటి వెనక మల్లెచెట్టు వానకి పాడైపోయి, తెల్లటి పూలు గ్యారేజీ కప్పు మీద నల్లటి నీళ్ళలో తేలుతున్నాయి. తన లోపల మాత్రం ఆ చెట్టు పూస్తూనే ఉందంటుంది. తేదీ చూడకుండా చదివితే అది వాట్సాప్ స్టేటస్‌కి పనికొచ్చే మాటే. సరిగ్గా మూడు రోజులకి, యూదుల్ని పోగేసి ఉంచిన హాలెండ్‌లోని వెస్టర్‌బోర్క్ క్యాంపు నుంచి, నాజీల మృత్యుశిబిరం ఆష్విట్జ్‌కి మొదటి రైలు కదిలింది.

ఆ నెలాఖరుకి ఆమే అడిగి, యూదు కౌన్సిల్ (జర్మన్లు తమ ఆజ్ఞలు నడిపించడానికి యూదులతోనే పెట్టించిన సంఘం) ఉద్యోగిగా వెస్టర్‌బోర్క్ క్యాంపుకి వెళ్ళింది. దాక్కో అన్న స్నేహితులున్నారు. ఒకాయన బలవంతాన లాక్కుపోవాలని కూడా చూశాడు, విదిలించుకుంది. నా వాళ్ళకి ఏమైతే నాకూ అదే అంది. ఇక్కడ నాకు ఇప్పటికీ ఒప్పుదల కాదు, అమ్మలూ. నా కూతురైతే కాళ్ళూ చేతులూ కట్టేసైనా దాచేదాన్ని. నీకూ కోపం వస్తే రానీ, తొందరపడి సర్దిచెప్పుకోకు.

మిగిలిన డైరీ 1942 అక్టోబరుతో ఆగిపోతుంది. మధ్యలో ఏడో నోటుబుక్కు దొరకలేదు. అక్టోబరు తర్వాతి కాలానికి ఉన్నవి ఉత్తరాలే. నాకు అసలు సంగతి తెలిసింది అక్కడే. మొదటి నోటుబుక్కులో పేజీకి ఎన్ని ‘నేను’లున్నాయో లెక్కపెట్టు, తర్వాత 1943 ఆగస్టు 24 నాటి ఉత్తరం తీయి. క్యాంపు నుంచి ఒక రైలు బయల్దేరే ముందు రాత్రి, ఆ తెల్లారి సంగతులు అవి. అందులో తన గోడు ఎంత తక్కువో చూడు. భయంతో పారిపోయిన కుర్రాడొకడు, వాడు దొరికాక శిక్షగా అదనంగా రైలెక్కించిన యాభై మంది, రాత్రివేళ లేపిన పసిపిల్లలు. క్యాంపు పెద్ద అధికారి, కమాండెంట్, నడిచి వస్తుంటే నాటకంలో హీరో ప్రవేశంలా ఉందని దెప్పుతుంది కూడా. శాంతం వచ్చిందంటే నోట్లో పదును పోయిందని కాదు.

తొమ్మిది పదుల రైళ్ళ పైన, లక్ష మందికి పైగా వెళ్ళారు ఆ క్యాంపు నుంచి, ఎక్కువగా మంగళవారాల్లో. 1943 సెప్టెంబరు 7 మంగళవారమే. అమ్మ, నాన్న, పియానో వాయించే తమ్ముడు మీషాతో పాటు ఆమెనీ ఎక్కించారు. వాళ్ళు కొన్ని పెట్టెల అవతల, తను కిక్కిరిసిన సరుకుల పెట్టెలో సంచి మీద కూర్చుని కార్డు రాసి బయటికి విసిరింది. పొలం పనివాళ్ళకి దొరికితే పోస్టు చేశారు. పాడుకుంటూ క్యాంపు వదిలామని ఉంది అందులో. నవంబరు 30న ఆష్విట్జ్‌లో చనిపోయినట్టు నమోదైంది. 29 ఏళ్ళు.

నీ స్పీడుకి ఆ కార్డు దగ్గరికి రావడానికి మూడు నాలుగు నెలలు పడుతుంది. ఆ రోజు నాకు ఫోన్ చెయ్యి, ఎంత రాత్రయినా సరే. ఎలాగూ నాకు నిద్ర పట్టదు.

మీ పెద్దమ్మ