ఆస్పరాగస్ రెండో ఏడాదే కోయవచ్చా?

నిరుడు వసంతంలో ఆస్పరాగస్ (లేత కాడలను కూరగా వండుకునే మొక్క) వేర్లు నాటానని, ఈ ఏడాది చక్కటి కాడలు లేచాయని, కోసుకోవచ్చా అని అడిగారు. మీలాగే నేనూ అమెరికాలోని మిషిగన్‌లోనే ఉంటాను, మా పెరట్లోనూ ఆస్పరాగస్ మడి ఉంది. నా మాట వింటే ఈ ఏడాదికి చేయి ఆపండి. మరీ ఉండబట్టకపోతే లావుపాటివి మాత్రం ఒక వారం, మహా అయితే రెండు వారాలు కోసి వదిలేయండి. సన్నవాటి జోలికి అసలు వెళ్లవద్దు.

తోటకూర తుంచితే మిగిలిన ఆకులు మళ్లీ మొక్కను పోషిస్తాయి. ఆస్పరాగస్‌కు ఆ అవకాశం లేదు. వసంతంలో నేలను చీల్చుకుని వచ్చే కాడ నిరుటి వేసవిలో ఆకులు వండి వేర్లలో దాచిన ఆహారంతోనే పెరుగుతుంది. మనం కోసే ప్రతి కాడా ఆ నిల్వలోంచి ఖర్చే. కోయకుండా వదిలిన కాడలు నాలుగైదు అడుగులు పెరిగి, సన్నటి ఆకులతో పొదలా విచ్చుకుంటాయి. వచ్చే ఏటి పంటను తయారుచేసేది ఆ పొదే. మన పిల్లిపీచర, అంటే శతావరి, చూసినవారు ఆ ఆకును ఇట్టే పోల్చుకుంటారు. రెండూ ఒకే ప్రజాతివి. దానికి వేరు ముఖ్యం, దీనికి కాడ.

అందుకే, పొదలు వాలిపోయి దారికి అడ్డంగా ఉన్నాయని ఆగస్టులోనే నరికేసేవారిని చూస్తే నాకు ప్రాణం ఉసూరుమంటుంది. నాలుగు కర్రలు పాతి, చుట్టూ పురికొస కట్టండి, నిలబడతాయి. మంచు పడి పొద పూర్తిగా గోధుమరంగుకు తిరిగాక నేలమట్టానికి కోసి, ఆ చెత్తను మడిలో ఉంచకుండా తీసేయండి. ఆస్పరాగస్ పెంకుపురుగులు చలికాలమంతా ఆ ఎండు కాడల్లోనే తలదాచుకుంటాయి. వసంతంలో కాడల మీద నల్లటి చిన్న గుడ్లు వరుసగా నిలబెట్టినట్టు కనిపిస్తే అవి వాటివే. వేలితో తుడిచేయండి.

మూడో ఏడాది సుమారు నాలుగు వారాలు, ఆ తర్వాత ఏటా ఆరు నుంచి ఎనిమిది వారాలు కోయవచ్చు. అయితే క్యాలెండర్ కన్నా కాడను నమ్మండి. వచ్చేవాటిలో ఎక్కువ భాగం పెన్సిల్ కన్నా సన్నబడ్డాయంటే, ఇంకా వారం మిగిలి ఉన్నా ఆ రోజుతో ఆపేయాలి.

కాడ ఏడెనిమిది అంగుళాలుండి, కొన బిగుతుగా ఉన్నప్పుడు కోయాలి. వేడి రోజుల్లో పొద్దున చూసిన కాడ సాయంత్రానికే కొన విప్పేస్తుంది, కాబట్టి రోజూ మడి దగ్గరకు వెళ్లాల్సిందే. నేను కత్తి వాడను, చేత్తో వంచి విరుస్తాను. మట్టిలోకి కత్తి దించితే ఇంకా పైకి రాని మొగ్గలు తెగుతాయి. రాత్రి మంచుకు మెత్తబడి వాలిన కాడలను తీసి పారేయండి, వేరుకు ఏమీ కాదు.

పొదలకు ఎర్రటి కాయలు పడితే అవి ఆడమొక్కలు. రాలిన విత్తనాలు మొలిచి కలుపై కూర్చుంటాయి, చిన్నప్పుడే లాగేయండి. కలుపు కోసం ఉప్పు చల్లమనే పాత సలహా ఎవరైనా చెబితే వినవద్దు, నేల చెడిపోతుంది. మాగిన ఎరువు, ఎండుటాకులు మందంగా పరిస్తే చాలు.

కోసినవాటిని గ్లాసులో అంగుళం నీళ్లు పోసి నిలబెట్టి ఫ్రిజ్‌లో పెట్టండి. వండేటప్పుడు ఇంగువ, ఎండుమిరపకాయల పోపులో రెండు మూడు నిమిషాలు పెద్ద మంట మీద వేయిస్తే సరిపోతుంది.