బాపు క్యాసెట్లు దాచేయాలా?

ప్రశ్న: మా సొంతూరు జగిత్యాల దగ్గర పల్లె. బాపు పదకొండేళ్లు దుబాయిలో పనిచేశాడు. అప్పట్లో అమ్మ క్యాసెట్లలో మాటలు రికార్డు చేసి, అటు వెళ్లేవాళ్ల చేతికిచ్చి పంపేది. అవి పందొమ్మిది ఉన్నాయి. అమ్మ పోయి పద్నాలుగు నెలలైంది. బాపు ఇప్పుడు కరీంనగర్‌లో మా దగ్గరే ఉంటున్నాడు. పొద్దున పాలు తెస్తాడు, పిల్లల్ని బడి బస్సు ఎక్కిస్తాడు, వేళకు తింటాడు. రాత్రి తొమ్మిదైతే చాలు, తలుపు దగ్గరకేసుకుని టేప్ రికార్డర్ ముందు కూర్చుంటాడు. పిల్లలు దాన్ని ‘తాత మాయపెట్టె’ అంటారు. మాతో మాటలు తక్కువ. మా ఆయనకు ఆ చప్పుడంటే విసుగు. నాకు అమ్మ గొంతు వింటే ఏడుపుతో పాటు ఎందుకో కోపం కూడా వస్తుంది. తమ్ముడేమో అమ్మ గొంతుతో కొత్త మాటలు పలికించే యాప్ ఉంది, చేయిస్తా అంటున్నాడు. క్యాసెట్లు కొన్నాళ్లు దాచేస్తే బాపు మామూలుగా అవుతాడా?

జవాబు: దాచకండి. దాచిన రోజు నుంచి ఆయన అమ్మను తలచుకోవడం మానేయరు, మిమ్మల్ని నమ్మడం మానేస్తారు.

ఆయన చేస్తున్నది అమ్మ పోయాక పట్టుకున్న కొత్త అలవాటని మీరు అనుకుంటున్నారు. కాదు. ఫోన్ చేయాలంటే జేబు ఖాళీ అయ్యే రోజుల్లో గల్ఫ్ వెళ్లినవాళ్లకు క్యాసెట్టే ఉత్తరం. డ్యూటీ నుంచి వచ్చి, పైనొకరు కిందొకరు పడుకునే మంచం మీద, పెళ్లాం గొంతు చెవి దగ్గర పెట్టుకుని విన్నారు. పదకొండేళ్లు ఆయన సంసారం సగం ఆ టేపు మీదే నడిచింది. భార్య పక్కన లేకపోతే ఎలా ఓర్చుకోవాలో ఆయన అక్కడే నేర్చుకున్నారు, ఇప్పుడూ ఆ దారే పట్టారు. నాకిందులో జబ్బు కనిపించడం లేదు.

ఒక్క తేడా ఉంది. అప్పుడు వినడంతో అయిపోయేది కాదు. తిరిగి ఆయనా ఒక క్యాసెట్ నింపి పంపేవారు కదా? ఇప్పుడు అటు నుంచి వచ్చే మాట ఉంది, ఇటు నుంచి వెళ్లే జవాబు లేదు. ‘బాపూ, అమ్మకు నువ్వూ ఒకటి రికార్డు చెయ్’ అని అడిగి చూడండి. ఫోన్‌లో అయినా సరే, పాత క్యాసెట్ దొరికితే ఇంకా మంచిది. గదిలో ఆయన్ను ఒంటరిగా వదిలేయండి. ఏం చెప్పారో వినకండి.

ఇక మీ కోపం. మీ ఉత్తరంలో దాన్ని ఒక్క మాటలో దాటేశారు, నాకు మాత్రం అదే పెద్దగా కనిపించింది. మాయాబజార్‌లో ప్రియదర్శిని పెట్టె గుర్తుందా? ఎవరు తెరిస్తే వాళ్లకు ప్రియమైనది అందులో కనిపిస్తుంది. శశిరేఖకు అభిమన్యుడు కనిపించాడు. మీ ఇంటి మాయపెట్టెలో బాపుకు అమ్మ వినిపిస్తోంది. మీకు వినిపిస్తున్నది, ఆ రోజుల్లో ఇంట్లో లేని బాపు అనుకుంటాను. చిన్నప్పుడు దుబాయి తీసుకుపోయింది, ఇప్పుడు పక్కగదిలో ఉండి కూడా టేపు తీసుకుపోతోంది. కోపం రాకుండా ఎలా ఉంటుంది? అందులో తప్పేమీ లేదు. కానీ ఆ కోపాన్ని ‘బాపుకు ఏదో అయింది’ అనే పేరుతో మోయకండి.

యాప్ సంగతి తమ్ముడికి గట్టిగానే చెప్పండి, ఇప్పుడు వద్దని. అతని ప్రేమను శంకించడం లేదు. క్యాసెట్‌లో అమ్మ ఎన్నిసార్లు విన్నా అదే మాట అంటుంది, అదే చోట దగ్గుతుంది. ఆమె ఇక కొత్తగా ఏమీ చెప్పదన్న సంగతి బాపుకు రోజూ కొంచెం కొంచెంగా తెలిసేది అక్కడే. యాప్ చెప్పే కొత్త మాటలు ఆమెవి కావు. ఆయన్ను అడగకుండా సర్‌ప్రైజ్ అని మాత్రం అస్సలు వినిపించవద్దు.

అయితే ఒక కన్నేసి ఉంచండి. 2022లో వచ్చిన అమెరికా మానసిక వైద్యుల నిర్ధారణ పుస్తకంలో దీర్ఘకాలిక దుఃఖాన్ని ఒక సమస్యగా చేర్చారు. పెద్దవాళ్లలో ఏడాది దాటాక కూడా దాదాపు ప్రతిరోజూ తీవ్రమైన బాధ, రోజువారీ బతుకు కుంటుపడటం ఉంటే దాన్ని ఆలోచిస్తారు. పద్నాలుగు నెలలు అనగానే టెన్షన్ పడకండి. పాలు తెచ్చి, పిల్లల్ని బస్సెక్కించే మనిషి బతుకు ఆగిపోలేదు. తిండి మానేసినా, నిద్ర పట్టకపోయినా, ‘నేనూ దాని దగ్గరికే పోతా’ లాంటి మాట వచ్చినా ఆలస్యం చేయకుండా డాక్టర్‌కు చూపించండి. ప్రభుత్వ మానసిక ఆరోగ్య సహాయ లైన్ టెలి మానస్ 14416కు ఏ వేళలోనైనా ఫోన్ చేయవచ్చు, తెలుగులో మాట్లాడతారు.

మీ ఆయన విసుగుకు మందు హెడ్‌ఫోన్స్. అంతకన్నా పెద్ద చర్చ అక్కర్లేదు.

క్యాసెట్ల గురించి మాత్రం తొందరపడండి. రోజూ తిప్పితే టేపు అరుగుతుంది, సాగుతుంది, ఒకనాడు రికార్డర్ నమిలేస్తుంది. ఆయన దగ్గరున్నదల్లా ఆ ఒక్క కాపీయే. క్యాసెట్ వెనక అంచున రెండు చిన్న ప్లాస్టిక్ బిళ్లలుంటాయి. వాటిని విరిచేస్తే పొరపాటున ఎవరూ దాని మీద రికార్డు చేయలేరు. లోపల తెల్లగా బూజు కనిపిస్తే ఆడించకుండా తెలిసినవాళ్లకు చూపించండి. మిగతావి రికార్డర్ ఇయర్‌ఫోన్ రంధ్రం నుంచి కేబుల్‌తో కంప్యూటర్‌లోకి ఎక్కించవచ్చు. తమ్ముడి ఉత్సాహాన్ని ఈ పనికి పెట్టండి. దగ్గులు, కోడి కూతలు, మధ్యలో మీ ఏడుపు, ఏదీ కత్తిరించవద్దని చెప్పండి.

ఇవన్నీ బాపుకు చెప్పే చేయాలి. ముందు ఒక రాత్రి ఆయన గదిలోకి వెళ్లి కూర్చోండి. అరవై నిమిషాల క్యాసెట్ అయితే ఒక వైపు అరగంటే. అది అయిపోయాక అమ్మ గురించి కాదు, ఆయన గురించి అడగండి, ‘ఇది నీకు అందిన రోజు ఏ రూమ్‌లో ఉన్నావు బాపూ, పక్కన ఎవరున్నారు’ అని. ఏ క్యాసెట్ పెట్టాలో మాత్రం ఆయన్నే ఎంచుకోనివ్వండి.