సామాజిక కార్యకర్తల శిక్షణలో సంస్కృతికి చోటు ఎక్కడ, ఎలా?

కుటుంబ సంక్షేమం, పిల్లల రక్షణ రంగాల్లో పనిచేయబోయే కార్యకర్తలకు మీ సంస్థ ఆరు నెలల శిక్షణ నడుపుతోందని రాశారు. అందులో సాంస్కృతిక అవగాహన పేరుతో ఒక రోజు పాఠం చేర్చితే సరిపోతుందా, లేక పాఠ్య ప్రణాళిక మొత్తాన్ని తిరగరాయాలా అని అడిగారు. ఇటువంటి తరగతులు చెబుతూ, శిక్షణ పొందినవారి క్షేత్ర పనిని పర్యవేక్షిస్తూ వచ్చిన అనుభవంతో నాకు తోచింది చెబుతాను. ఒక రోజు పాఠం సరిపోదు. అలాగని అంతా తిరగరాయనవసరమూ లేదు. మార్చవలసింది కార్యకర్త చేతికిచ్చే ఫారం దగ్గర మొదలై, అతనికి మార్కులు వేసేవారి దగ్గర ముగుస్తుంది. మధ్యనున్న పాఠాలు చాలావరకు ఇప్పుడున్నట్టే ఉండవచ్చు.

ఒక రోజు పాఠంలో సాధారణంగా ఉండేది ఒక జాబితా. ఫలానా సముదాయంవారు పెద్దల ఎదుట మాట్లాడరు, ఫలానావారు పరాయి మగవారిని ఇంట్లోకి రానివ్వరు, ఫలానావారి నమ్మకాలు ఇవి అని శిక్షకుడు చెబుతాడు. శిక్షణార్థులు శ్రద్ధగా రాసుకుంటారు, పరీక్షలో తిరిగి రాస్తారు, ఆ తరువాత గడప తొక్కిన ప్రతి ఇంట్లోనూ ఆ జాబితానే వెతుకుతారు. ఎదుట కూర్చున్న మనిషి వయసు, చదువు, ఆర్థిక స్థితి, ఆ ఆచారాన్ని ఆమె ఎప్పుడో వదిలేసిందన్న సంగతి, ఇవేవీ వారికి కనబడవు. ఏమీ తెలియని కార్యకర్త కనీసం అడిగి తెలుసుకుంటాడు, అంతా తెలుసుననుకున్నవాడు అడగడమే మానేస్తాడు. 1998లో మెలనీ టెర్వలాన్, జాన్ ముర్రే-గార్సియా అనే ఇద్దరు అమెరికన్ వైద్యులు వైద్య విద్య గురించి రాస్తూ, సంస్కృతిని ఒకసారి నేర్చి ముగించే నైపుణ్యంగా కాక, తనను తాను నిరంతరం పరీక్షించుకుంటూ, ఎదుటివారికీ తనకూ మధ్యనున్న అధికార వ్యత్యాసాన్ని గుర్తెరుగుతూ జీవితాంతం సాగించవలసిన వినయంగా చూడాలని వాదించారు. సోషల్ వర్క్ విద్యలోనూ ఈ వాదానికి ఆదరణ లభించింది.

ఈ వృత్తి పద్ధతులు ఎక్కడ పుట్టాయో మొదటి వారంలోనే చెప్పాలన్నది నా పట్టుదల. చాలా కోర్సుల్లో ఈ చరిత్రను రెండు పేరాలతో సరిపెడతారు. 1898లో న్యూయార్క్‌లో ఒక ధర్మసంస్థల సంఘం వేసవి తరగతులుగా ప్రారంభించిన శిక్షణే తరువాత కొలంబియా విశ్వవిద్యాలయపు సోషల్ వర్క్ విద్యాలయంగా ఎదిగింది. భారతదేశంలో 1936లో బొంబాయిలో ప్రారంభమై, నేడు టాటా ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ సోషల్ సైన్సెస్‌గా మనకు తెలిసిన విద్యాలయానికి మొదటి డైరెక్టరైన క్లిఫర్డ్ మాన్‌షార్ట్ అమెరికా నుంచి వచ్చిన మిషనరీ. కేసును ఒక వ్యక్తి పేరుతో తెరవడం, తల్లిదండ్రులూ పిల్లలూ మాత్రమే ఉన్న చిన్న కుటుంబాన్ని ప్రమాణంగా తీసుకోవడం, ముందే సమయం నిర్ణయించి గదిలో కూర్చోబెట్టి మాట్లాడించడం, కష్టాన్ని నోరు విప్పి చెప్పడాన్నే సహకారంగా లెక్కించడం వంటి అలవాట్లు చాలావరకు పాశ్చాత్య పారిశ్రామిక నగరాల అవసరాల నుంచి రూపుదిద్దుకున్నాయి. వాటిలో మంచి లేకపోలేదు. కానీ అవి ఒకచోట కుదిరిన పద్ధతులేనని తెలిసిన కార్యకర్తకు మాత్రమే మరోచోట వాటిని సడలించే ధైర్యం వస్తుంది.

ఆ తెలివిడి లేనప్పుడు ఏం జరిగిందో ప్రభుత్వ పత్రాల్లోనే నమోదై ఉంది. అమెరికాలో 1969, 1974 సంవత్సరాల్లో జరిపిన సర్వేలు, మూలవాసుల పిల్లల్లో 25 నుంచి 35 శాతం మంది తమ కుటుంబాలకు దూరమయ్యారని తేల్చాయి. బంధువుల ఇళ్లలో పెరగడాన్ని కూడా అధికారులు తల్లిదండ్రుల నిర్లక్ష్యంగా చదివిన సందర్భాలు అందులో ఉన్నాయి. అందుకే 1978లో వచ్చిన చట్టం, బిడ్డను దత్తత ఇవ్వవలసి వస్తే ముందు బంధువులను, తరువాత అదే తెగవారిని, ఆ తరువాత ఇతర మూలవాసీ కుటుంబాలను చూడాలని వరుస నిర్దేశించింది. న్యూజిలాండ్‌లో జాన్ రంగిహావు అధ్యక్షతన పనిచేసిన సంఘం 1986లో ఇచ్చిన నివేదిక, సంక్షేమ శాఖ పనితీరులోనే వ్యవస్థాగతమైన జాతి వివక్ష ఉందని నిర్మొహమాటంగా చెప్పింది. దాని ప్రభావంతో వచ్చిన 1989 చట్టం కుటుంబ సమావేశాలను ప్రవేశపెట్టింది. ఆ సమావేశంలో కార్యకర్త తన వద్దనున్న సమాచారం చెప్పిన తరువాత, కుటుంబంవారు విడిగా చర్చించుకునేందుకు వీలుగా గది బయటికి వెళ్లాలి. లేచి బయటికి వెళ్లడం కూడా నేర్వవలసిన పనేనని చెప్పే కోర్సులు నాకు చాలా తక్కువగా కనిపించాయి. కెనడాలో సత్య, సయోధ్య కమిషన్ 2015లో ఇచ్చిన 94 పిలుపుల్లో మొట్టమొదటిదే పిల్లల సంక్షేమానికి సంబంధించినది. మూలవాసుల పిల్లలను కుటుంబాల నుంచి వేరుచేసి ఉంచిన వసతి పాఠశాలల చరిత్ర, వాటి ప్రభావం గురించి సామాజిక కార్యకర్తలకు సరైన శిక్షణ ఉండాలని అది స్పష్టంగా కోరింది. ఈ మూడు దేశాల పత్రాలను మీ శిక్షణార్థుల చేత చదివించండి. కార్యకర్తలు చెడ్డవారు కానక్కరలేకుండానే, నేర్చిన పద్ధతిని తు.చ. తప్పక పాటించి కూడా ఎంత నష్టం చేయవచ్చో వారికి అర్థమవుతుంది.

ఇక ఫారం సంగతి. నా తరగతుల్లో ఎక్కువ సమయం తీసుకునేది ఇదే. కుటుంబ పరిస్థితిని అంచనా వేసే ఖాళీ ఫారాన్ని పంచి, మీరు పెరిగిన ఇంటి వివరాలతోనే నింపండి అని చెబుతాను. కుటుంబ పెద్ద అన్నచోట ఒక గీత, సంరక్షకుల పేరు అన్నచోట ఒక గీత, ఇంట్లో నివసించేవారి సంఖ్యకు ఒక గడి ఉంటాయి. అక్కడికి రాగానే కలాలు ఆగిపోతాయి. రాత్రుళ్లు అమ్మమ్మ ఇంట్లో పడుకుని, పగలు తల్లి దగ్గర తిని, మేనమామ ఫీజు కడితే చదువుకున్న ఒకామె, సంరక్షకుల గీత మీద తల్లి పేరు మాత్రం రాసింది. తరువాత కాగితాలను పేర్లు లేకుండా కలిపి పంచి, ముక్కూ మొహం తెలియని కుటుంబం గురించి వచ్చినట్టు చదివి అభిప్రాయం రాయమన్నాను. ఆమె కాగితం అందుకున్నవారు రాసిన మాటలివి: తల్లి పనికి పోతుంది, బిడ్డ రాత్రిపూట ఇంట్లో ఉండదు, పర్యవేక్షణ లోపించింది. ఆ గదిలో ఎవరూ దుర్మార్గులు కారు. గీత ఒకటే ఉండడం వల్ల ముగ్గురు పెద్దలలో ఇద్దరు మాయమయ్యారు, అంతే. ఆ తరువాత అందరూ కలిసి ఆ ఫారాన్ని మళ్లీ రాశారు. సంరక్షకుల పేరు అనే గీత తీసేసి, బిడ్డను పొద్దున నిద్ర లేపేది ఎవరు, అర్ధరాత్రి జ్వరం వస్తే ఎవరిని పిలుస్తారు, తప్పు చేస్తే మందలించేది ఎవరు, బడి ఖర్చు ఎవరిది అని విడివిడిగా అడిగేటట్టు మార్చారు. మీ ఫారం పైనుంచి వచ్చినదై మార్చే అధికారం మీకు లేకపోతే, వెనకవైపు ఈ ప్రశ్నలను చేత్తో రాసుకునే అలవాటైనా చేయించవచ్చు.

క్షేత్ర డైరీ విషయంలో నేను పట్టుబట్టేది ఒక్కటే. పేజీని నిలువుగా రెండు భాగాలు చేసి, ఎడమవైపు చూసింది, విన్నది రాయాలి. కుడివైపు తాను అనుకున్నది రాయాలి. తల దించుకుని కూర్చుంది, మూడు ప్రశ్నలకు జవాబు చెప్పలేదు అన్నది ఎడమవైపు మాట. సహకరించడం లేదు అన్నది కుడివైపు మాట. కుడివైపు ప్రతి వాక్యానికీ ఇంకేం కారణం ఉండవచ్చునని సూపర్‌వైజరు తప్పక అడగాలి. గౌరవంతో తల దించుకుని ఉండవచ్చు, పక్కగదిలో అత్తగారు వింటూ ఉండవచ్చు, గతంలో ఇలాగే వచ్చిన అధికారి వల్ల నష్టపోయి ఉండవచ్చు. ఇది చాదస్తమని శిక్షణార్థులు మొదట్లో విసుక్కుంటారు. కానీ ఫైలులో ఒకసారి చేరిన అభిప్రాయం రాసినవారు బదిలీ అయ్యాక కూడా ఉంటుందని, తరువాత వచ్చే కార్యకర్తా, అవసరమైతే న్యాయస్థానమూ దానినే వాస్తవంగా చదువుతాయని చెప్పినప్పుడు మాట వింటారు.

దుబాసీల గురించి క్లుప్తంగా చెబుతాను. ఇంట్లో బడికి వెళ్లే పిల్లలు రెండు భాషలూ మాట్లాడగలరని వారిచేత తల్లి మాటలను చెప్పించడం ఏ పరిస్థితిలోనూ మంచిది కాదు. తల్లి చెప్పవలసినది చెప్పదు, బిడ్డ వినకూడనిది వింటుంది.

మీరు ఖర్చు పెట్టవలసిన అసలు చోటు బోధకుల విషయం. కార్యకర్తలు పనిచేయబోయే సముదాయం నుంచి వచ్చి, సంక్షేమ సేవలను స్వయంగా పొందినవారిని ఒక పూట అతిథిగా పిలిచి కష్టగాథ చెప్పించుకుని శాలువా కప్పి పంపడం నాకు నచ్చదు. వారు పాఠ్య ప్రణాళిక తయారయ్యే దశలోనే కూర్చోవాలి, ఇతర అధ్యాపకులతో సమానంగా పారితోషికం పొందాలి. ఒకసారి నేను ఇది అమలు చేయబోతే, పట్టా లేనివారికి బోధకుల పద్దు కింద ఎలా చెల్లిస్తామని లెక్కల విభాగం అభ్యంతరపెట్టింది. చివరికి వేరే పద్దు వెతికి చెల్లించారు కానీ, ఆ పద్దులో రేటు సగమే. మీరు బడ్జెట్ రాసేటప్పుడే దీనికి విడిగా ఒక పద్దు పెట్టుకోండి. మార్కుల్లోనూ వారికి వాటా ఉండాలి. న్యూజిలాండ్ నర్సింగ్ విద్యలో ఇరిహపేటి రామ్స్‌డెన్ అనే మావోరి (అక్కడి మూలవాసీ) నర్సు ముందుకు తెచ్చిన ఆలోచనలో కీలకం ఇదే: సేవ తన సంస్కృతిని కించపరచకుండా అందిందో లేదో తేల్చవలసింది ఇచ్చినవారు కాదు, పొందినవారు. 1990ల మొదట్లో ఆ దేశపు నర్సింగ్ కౌన్సిల్ దానిని పాఠ్యాంశాల్లో చేర్చింది. గృహ సందర్శన రోల్ ప్లేలో ఇంటివారి పాత్రను తోటి శిక్షణార్థులకు కాక ఆ సముదాయంవారికే ఇచ్చి, మార్కుల్లో కొంత భాగం వారి చేత వేయించినప్పుడు, రాతపరీక్షలో ముందుండేవారు కొందరు ఇక్కడ వెనకబడడం నేను చూశాను.

ఇన్ని తంటాలు ఎందుకు, ఆ సముదాయంలోని వారినే కార్యకర్తలుగా తీసుకుంటే పోలేదా అని మీరు అనవచ్చు. అది మంచి దారే. మహారాష్ట్రలోని జామ్‌ఖేడ్‌లో 1970లో రజనీకాంత్, మేబెల్ అరోలే దంపతులు ప్రారంభించిన ఆరోగ్య కార్యక్రమంలో, పెద్దగా చదువుకోని గ్రామీణ మహిళలే శిక్షణ పొంది తమ ఊళ్ల ఆరోగ్య కార్యకర్తలయ్యారు. తరచుగా కేంద్రానికి వచ్చి, తమకెదురైన సమస్యలను చర్చించుకుంటూ నేర్చుకోవడం అక్కడి పద్ధతి. అయితే సొంతవారి మధ్య పనిచేసే కార్యకర్తకు వేరే చిక్కులున్నాయి. పక్కింటి గుట్టు తెలిసిన మనిషి బంధువుల పెళ్లిలో నోరు జారకుండా ఉండాలి. తన వర్గపు ఇళ్లకే ఎక్కువగా వెళ్తోందన్న మాట పడకూడదు. తన కష్టం సొంతవారికి తెలియకూడదని, కావాలని బయటి కార్యకర్తనే కోరుకునేవారూ ఉంటారు. కాబట్టి వీరికి సంస్కృతి పాఠం కన్నా గోప్యత, పక్షపాతం అనే అంశాలపై సాధన ఎక్కువగా అవసరం.

మీ శిక్షణార్థులు ఎప్పుడో ఒకప్పుడు అడిగి తీరే ప్రశ్న ఇంకొకటి ఉంది. దెబ్బలు తిన్న స్త్రీ ఇంటికి వెళ్లినప్పుడు, ఇది మా ఆచారం అని ఇంటి పెద్ద అంటే ఏం చేయాలి? హింస దగ్గర, పిల్లల భద్రత దగ్గర చట్టమే హద్దు. దానిపై బేరం లేదు. ఆచారం పేరు చెప్పేది ఎవరు, దాని వల్ల నష్టపోయేది ఎవరు, నష్టపోతున్నవారు దాని గురించి ఏమనుకుంటున్నారు అని విడిగా కనుక్కోవడం నేర్పాలి. చాలా సందర్భాల్లో ఆ దెబ్బలను తప్పుపట్టే పెద్దలు అదే సముదాయంలో ఉంటారు. వారిని వెతికి పట్టుకోగలగడమే ఇక్కడ కావలసిన సాంస్కృతిక పరిజ్ఞానం.

ఆరు నెలల్లో ఇదంతా ఎలా ఇముడుతుందంటే, ఆ ఒక రోజు పాఠాన్ని తీసేసి, మొదటి వారంలో చరిత్ర, రెండో వారంలో ఫారం పెట్టండి. డైరీ పద్ధతి మొదటి సందర్శన నుంచే మొదలవ్వాలి. రోల్ ప్లే మూడో నెలకు ముందు వద్దు, శిక్షణార్థులకు కొంత క్షేత్రం తెలిశాకే అది పండుతుంది. శిక్షణ ముగిసిన కొన్ని నెలలకు, వారు పనిచేస్తున్న కుటుంబాల్లో కొన్నింటిని ఆ కార్యకర్త లేనప్పుడు కలిసి, మీ ఇంటి గురించి ఆ మనిషి సరిగా అర్థం చేసుకున్నది ఏమిటి, ఇంకా అర్థం కానిది ఏమిటి అని అడిగించండి. ఆ జవాబులను తరువాతి బ్యాచ్ పాఠ్య ప్రణాళిక రాసే బల్ల మీద పెట్టుకోండి.