యాభై లక్షల అప్పు, కోటీ నాలుగు లక్షల చెల్లింపు

ఇంటి అప్పు మీద వచ్చిన ప్రశ్నలన్నీ దాదాపు ఒకచోటే చిక్కుకున్నాయి. నెలకు ఎంత కడుతున్నారో అందరికీ తెలుసు. తీరేలోగా మొత్తం ఎంత కడతారన్నది కొద్దిమందే లెక్కేసుకున్నారు. పోల్చుకోవడానికి వీలుగా అన్ని జవాబుల్లోనూ ఒకే అప్పును తీసుకున్నాం: 50 లక్షలు, ఏడాదికి 8.5 శాతం వడ్డీ, 20 ఏళ్ల గడువు, అంటే 240 వాయిదాలు. ఈ లెక్కన నెలసరి వాయిదా 43,391. మొత్తం చెల్లింపు 1,04,13,879. మీ అప్పు ఏ కరెన్సీలో ఉన్నా ఈ నిష్పత్తులు మారవు.

ప్రశ్న: ఐదేళ్లుగా ఒక్క వాయిదా తప్పలేదు. 26 లక్షలు కట్టాను. స్టేట్‌మెంట్‌లో మాత్రం బాకీ ఇంకా 44 లక్షలని ఉంది. లెక్కలో ఏదో తేడా జరిగిందంటారా?

తేడా ఏమీ లేదు. మొదటి నెల ఏం జరిగిందో చూడండి. 50 లక్షలకు 8.5 శాతం చొప్పున ఏడాది వడ్డీ 4,25,000. అందులో పన్నెండో వంతు 35,417. మీరు కట్టిన 43,391లో ముందు ఆ వడ్డీ పోతుంది. మిగిలిన 7,974 మాత్రమే అసలుకు జమవుతుంది. రెండో నెల బాకీ 49,92,026 కాబట్టి వడ్డీ 35,360కి దిగి, అసలుకు 8,031 చేరుతుంది. నెల తిరిగేసరికి వడ్డీలో తగ్గింది 57. మొదటి ఏళ్లలో బాకీ కదలనట్టే కనిపించడానికి కారణం ఇదే.

ఐదేళ్లలో మీరు కట్టిన 26,03,470లో సుమారు 20.1 లక్షలు వడ్డీకి, 5.94 లక్షలు అసలుకు పోయాయి. మిగిలిన బాకీ 44,06,358. పదేళ్లకు, అంటే సగం కాలం గడిచాక కూడా 35 లక్షలు మిగిలే ఉంటుంది. వాయిదాలో అసలు వాటా వడ్డీ వాటాను దాటేది 143వ నెలలో. అప్పు సగానికి, అంటే 25 లక్షల కిందికి దిగేది 13 ఏళ్ల 10 నెలలకు. అసలు కంటే వడ్డీ ముద్దు అన్న సామెత ఇక్కడ అప్పిచ్చినవాళ్లకే వర్తిస్తుంది.

అనుమానం తీరాలంటే కాగితం మీద నాలుగు గడులు గీయండి: నెల మొదట్లో బాకీ, ఆ నెల వడ్డీ, అసలుకు జమ, నెలాఖరు బాకీ. బాకీని వడ్డీ రేటుతో గుణించి, 100తో, తర్వాత 12తో భాగిస్తే రెండో గడి వస్తుంది. వాయిదాలోంచి దాన్ని తీసేస్తే మూడోది. మూడు నెలలు ఇలా వేసి స్టేట్‌మెంట్‌తో సరిచూడండి. వడ్డీని రోజులవారీగా లెక్కిస్తే కొద్దిపాటి తేడా సహజం. తేడా పెద్దదైతే మూడు విషయాలు వెతకండి: మధ్యలో రేటు మారిందా, ఆలస్య రుసుమో బీమా ప్రీమియమో బాకీలో కలిపారా, మీరు ఎప్పుడైనా అదనంగా కట్టిన మొత్తాన్ని అసలుకు జమ చేయకుండా వచ్చే వాయిదాల అడ్వాన్సుగా పక్కన పెట్టారా. మూడోది చాలాసార్లు ఎవరి కంటా పడదు.

ప్రశ్న: గడువు 30 ఏళ్లకు పెట్టుకుంటే వాయిదా తేలికవుతుందని చెబుతున్నారు. నిజమేనా?

తేలికవుతుంది, కానీ మీరు అనుకున్నంత కాదు. 20 ఏళ్లకు 43,391 ఉన్న వాయిదా 30 ఏళ్లకు 38,446 అవుతుంది. అంటే నెలకు మిగిలేది 4,945. దానికి బదులుగా మొత్తం వడ్డీ 54 లక్షల నుంచి 88 లక్షలకు చేరుతుంది. అదే 15 ఏళ్లకు పెట్టుకుంటే వాయిదా 49,237, వడ్డీ 38.6 లక్షలు. గడువు పెంచేకొద్దీ వాయిదాలో వచ్చే తగ్గుదల చిన్నదవుతుంది, వడ్డీ పెరుగుదల మాత్రం పెద్దదవుతూ పోతుంది. ఎందుకంటే గడువు ఎంత సాగదీసినా మొదటి నెల వడ్డీ 35,417 కట్టక తప్పదు, వాయిదా దాని కిందికి రావడం కుదరదు.

నెల గడవడమే కష్టమైతే 30 ఏళ్లు తీసుకోవడం తప్పేమీ కాదు. అదనంగా కట్టుకునే స్వేచ్ఛ ఉందో లేదో ఒప్పందంలో చూసుకుని, చేతిలో డబ్బు ఆడినప్పుడల్లా కట్టండి.

ప్రశ్న: వడ్డీ రేటు ఒక శాతం పెరిగింది. "మీ వాయిదా మారదు, కంగారు పడకండి" అని సందేశం వచ్చింది. నిజంగా పట్టించుకోనక్కర్లేదా?

కంగారు పడాల్సిందే. వాయిదా మారలేదంటే గడువు మారిందని అర్థం. అప్పు మొదట్లోనే 8.5 శాతం 9.5 అయిందనుకోండి. తొలి నెల వడ్డీ 39,583. మీ 43,391లో అసలుకు మిగిలేది 3,808. ఇంతకుముందు చేరేదానిలో సగం కూడా లేదు. ఈ లెక్కన అప్పు తీరడానికి 240 కాదు, 309 నెలలు పడుతుంది. అంటే దాదాపు ఆరేళ్లు ఎక్కువ, చెల్లింపు సుమారు 30 లక్షలు ఎక్కువ.

అదే గడువును కదపకుండా వాయిదా పెంచమని అడిగితే నెలకు 46,607 అవుతుంది. నెలకు 3,216 చొప్పున 240 నెలలకు అదనపు భారం 7.7 లక్షలు. పెరిగింది అదే ఒక్క శాతం. మీరు నోరు విప్పి అడిగారా లేదా అన్నదాని మీద 22 లక్షల తేడా.

రేటు 10.5కి పోతే సంగతి ఇంకా దిగజారుతుంది. అప్పుడు తొలి నెల వడ్డీ 43,750, మీ వాయిదా కంటే 359 ఎక్కువ. ఆ కొరత బాకీలో కలిసి, దాని మీద కూడా వడ్డీ నడుస్తుంది. నెల నెలా కడుతూనే ఉంటారు, అప్పు పెరుగుతూనే ఉంటుంది. 8.5 నుంచి 9.5కి వెళ్లే ఆ ఒక శాతం పెంపే పదేళ్లు కట్టాక వస్తే గడువు పెరిగేది తొమ్మిది నెలలే. బాకీ పెద్దగా ఉన్న మొదటి ఏళ్లలోనే రేటు మార్పు దెబ్బ గట్టిగా తగులుతుంది. సందేశం వచ్చిన రోజే "మిగిలిన వాయిదాలు ఎన్ని?" అని రాతపూర్వకంగా అడిగి తెలుసుకోండి.

ప్రశ్న: ఐదేళ్లు కట్టాక చేతికి 5 లక్షలు వచ్చాయి. అప్పుకు కడదామనుకుంటున్నాను. వాయిదా తగ్గించుకోవాలా, గడువు తగ్గించుకోవాలా?

44,06,358 బాకీ మీద 5 లక్షలు కట్టి, పాత వాయిదానే కొనసాగిస్తే మిగిలిన 180 నెలలు 144కి దిగుతాయి. ఆదా అయ్యే వడ్డీ సుమారు 10.7 లక్షలు. గడువు అలాగే ఉంచి వాయిదా తగ్గించుకుంటే నెలకు 38,467 అవుతుంది, ఆదా అయ్యే వడ్డీ 3.86 లక్షలు. కట్టింది అవే 5 లక్షలు. ఫారంలో ఏ గడిలో టిక్కు పెట్టారన్న తేడా తప్ప మరేం లేదు.

ఆదాయం నిలకడగా లేనివాళ్లకు మధ్యేమార్గం ఒకటుంది. కాగితం మీద వాయిదా తగ్గించుకుని, కలిసొచ్చే 4,924ని ప్రతి నెలా అదనపు చెల్లింపుగా అసలుకు వేయండి. ఫలితం గడువు తగ్గించుకున్నట్టే ఉంటుంది. ఉద్యోగంలో ఇబ్బంది వచ్చిన నెల 38,467 కట్టి ఊరుకునే వెసులుబాటూ దక్కుతుంది. అదనపు చెల్లింపుకు రుసుము లేనప్పుడే ఇది గిట్టుబాటు.

ఎప్పుడు కట్టామన్నది కూడా లెక్కలోకి వస్తుంది. ఇదే 5 లక్షలు 15 ఏళ్లు గడిచాక కడితే, గడువు తగ్గించుకున్నా ఆదా అయ్యేది 2.2 లక్షలే. పెద్ద మొత్తం లేనివాళ్లు మొదటి ఏడాది నుంచే ఏటా ఒక వాయిదా ఎక్కువ కడుతూ పోతే 240 నెలల అప్పు 201 నెలల్లో తీరుతుంది.

ఒక హెచ్చరిక. క్రెడిట్ కార్డు బాకీ లాంటి ఖరీదైన అప్పు ఉంటే ముందు దాన్ని తీర్చండి. కనీసం ఆరు నెలల ఇంటి ఖర్చు విడిగా లేకపోతే ఈ 5 లక్షల్లోంచి ముందు అది తీసిపెట్టండి. ఇంటి అప్పులో వేసిన డబ్బు మామూలుగా అవసరానికి వెనక్కి రాదు. కట్టాక సవరించిన వాయిదాల పట్టిక అడిగి, కొత్త ఆఖరు తేదీ కళ్లారా చూసుకోండి.

ప్రశ్న: పదేళ్లు కట్టాను, బాకీ 35 లక్షలు. వేరే సంస్థ 7.75 శాతానికే ఇస్తానంటోంది, వాయిదా 28,700కి తగ్గుతుందట. మారిపోనా?

ఆ 28,700 దగ్గరే అసలు కిటుకుంది. అది మళ్లీ 20 ఏళ్ల గడువుతో వేసిన లెక్క. ఇప్పుడున్న అప్పులో మీరు కట్టాల్సింది ఇంకా 120 వాయిదాలు, మొత్తం సుమారు 52 లక్షలు. కొత్తదానిలో 240 వాయిదాలకు దాదాపు 69 లక్షలు. రేటు తగ్గింది, వాయిదా తగ్గింది, ఖర్చు మాత్రం 17 లక్షలు పెరిగింది!

మారండి, కానీ గడువు పదేళ్లే ఉండాలని పట్టుబట్టండి. అప్పుడు వాయిదా 42,000. నెలకు 1,391 చొప్పున పదేళ్లలో 1.67 లక్షలు మిగులుతాయి. మార్పిడికయ్యే ఖర్చులన్నీ, అంటే ప్రాసెసింగ్ ఫీజు, ఆస్తి విలువ కట్టినందుకు రుసుము, లాయరు పరిశీలన, తాకట్టు నమోదు, పాత అప్పు ముగింపు రుసుము కలిపి 40,000 అయ్యాయనుకుంటే, అవి తిరిగి రావడానికే 29 నెలలు పడుతుంది. ఆలోగా ఇల్లు అమ్మే ఆలోచన ఉంటే మారడం దండగ. మారేముందు ఆ ఆఫర్ కాగితం మీ పాత సంస్థకే చూపించి రేటు తగ్గించమని అడగండి.

ప్రశ్న: ఒకచోట 5 శాతమే అంటున్నారు. ఇంకోచోట 8.5, పైగా ఫీజులు, బీమా. ఏది చౌకో తేల్చుకునేదెలా?

5 శాతం ఫ్లాట్ రేటో కాదో ముందు అడగండి. ఫ్లాట్ అంటే అసలు తగ్గుతున్నా మొదటి 50 లక్షల మీదే ఇరవయ్యేళ్లూ వడ్డీ వేస్తారు. వాయిదా 41,667 వస్తుంది. తగ్గే బాకీ లెక్కలో చూస్తే అది దాదాపు 8 శాతంతో సమానం.

ఫీజులను రేటులోకి మార్చి చూడాలి. 50 లక్షల అప్పులో లక్ష ఫీజు కింద పట్టుకుంటే మీ చేతికొచ్చేది 49 లక్షలు, వాయిదా మాత్రం 50 లక్షలకే కడతారు. ఆ లెక్కన మీకు నిజంగా పడే రేటు 8.5 కాదు, 8.78. మధ్యలోనే అప్పు తీర్చేస్తే ఇంకా ఎక్కువ పడుతుంది. 1.5 లక్షల బీమా ప్రీమియాన్ని అప్పులోనే కలిపేస్తే, ఇరవయ్యేళ్లలో దానికి మీరు కట్టేది 3.12 లక్షలు. బీమా వద్దని కాదు, విడిగా కొనుక్కోండి.

ప్రశ్న: డబ్బు విలువ ఏటా పడిపోతుంది కదా. కోటీ నాలుగు లక్షలని చెప్పి భయపెట్టడం సబబేనా?

మీ అభ్యంతరంలో న్యాయం ఉంది. ధరలు ఏటా 5 శాతం పెరుగుతాయనుకుంటే, ఆఖరి వాయిదా 43,391 విలువ నేటి డబ్బులో సుమారు 16,350. మొత్తం వాయిదాలను అలా నేటి విలువకు దించితే సుమారు 66 లక్షలు వస్తుంది. కాబట్టి 50 లక్షల ఇల్లు కోటికి కొన్నామని బాధపడక్కర్లేదు. కానీ ఈ ఊరట మీ ఆదాయం కూడా ధరలతో పాటు పెరిగితేనే. పైగా రెండు అప్పుల్లో ఏది మేలో తేల్చేటప్పుడు దీన్ని అడ్డం పెట్టుకుని ఖరీదైనదాన్ని సమర్థించుకోకూడదు.

ప్రశ్న: ఆఖరి వాయిదా వచ్చే నెల. ఇంకేమైనా పని మిగిలి ఉంటుందా?

ఆటోడెబిట్‌ను తొందరపడి రద్దు చేయకండి. రోజులవారీ వడ్డీ వల్ల చివర్లో చిన్న బాకీ మిగిలిపోతే దాని మీద ఆలస్య రుసుము మొదలవుతుంది. ముందుగా ఫలానా తేదీ నాటికి కట్టాల్సిన మొత్తం ఎంతో రాతపూర్వకంగా తీసుకుని కట్టండి. తర్వాత బాకీ లేదన్న పత్రం, తనఖాగా ఇచ్చిన ఒరిజినల్ దస్తావేజులు, ఖాళీ చెక్కులిచ్చి ఉంటే అవీ తీసుకోండి. అప్పు తీసుకున్నప్పుడు మీకిచ్చిన జాబితాతో ఒక్కో కాగితమూ సరిచూసుకున్నాకే సంతకం పెట్టండి. ఆస్తి రికార్డుల్లో తాకట్టు నమోదై ఉంటే దాన్ని తీయించాలి. క్రెడిట్ రిపోర్టులో, అంటే మీ అప్పుల చరిత్ర చూపే నివేదికలో, అప్పు ముగిసినట్టు వచ్చిందో లేదో రెండు నెలల తర్వాత మరోసారి చూసుకోండి.